కాకిబంగారం

షట్టర్ నొక్కింది నేను.
ఫోటో మాత్రం పెంచలమ్మది.
ఈ లెక్క నాకు అర్థం కావడానికి
పదకొండేళ్లు పట్టింది.

గూడూరు గడియారస్తంభం వెనక సందులో
నూర్ స్టూడియో.
బోర్డు మీద ఒక అక్షరం రాలిపోయి చాలాకాలం.
డిగ్రీ ఫీజు కట్టలేక మా దగ్గర చేరింది,
పెళ్లికూతుళ్ల చెంపల మీద మచ్చలు తుడిచే పనికి.
రోజుకు నలభై ముఖాలు.
ఒకనాడు అడిగింది: "సుభానీ అన్నా,
తుడిచిన మచ్చలన్నీ యాడికి పోతాయి?"
టీ తాగుతూ నవ్వాను.
ఆమె నవ్వలేదు.

అప్పట్నుంచి ప్రతి నెలా మొదటి సోమవారం
అదే నీలం తెర, అదే స్టూలు,
ఒంటి మీద మాత్రం ఎవరెవరివో బట్టలు:
కండక్టర్ చొక్కా, నర్సు కోటు,
ఒకసారి నా పెళ్లి షేర్వాణీ.
పాస్‌పోర్ట్ సైజు. నూట ముప్పై రెండు.
బెంగళూరులో వాటిని గోడకు వరసగా పెట్టి
కింద ధర రాశారంట.
మా దగ్గర ఎనిమిది కాపీలు అరవై రూపాయలు.

సైదాపురం పక్కన మూతపడిన గని.
గుట్టలు పోసిన చెత్తరాయి మీద ఎండ పడితే
కళ్లు పోతాయి.
పిల్లలు జేబుల్లో నింపుకునే కాకిబంగారం.
ఆ గుట్ట మీద కూర్చుంది,
ముఖానికి గంజి పూసి
అభ్రకం రేకులు అతికించుకుని,
రెప్పల మీద కూడా.
పొద్దున ఏడు నుంచి పదకొండు దాకా.
పది నిమిషాలకొకటి తీయాలి, అదీ ఒప్పందం.
గొర్రెలకాపరి వచ్చి చెప్పులు విడిచాడు,
పది నోటు పెట్టి దండం పెట్టాడు.
ఆమె కదల్లేదు.
గొర్రె ఒకటి వచ్చి ఆ నోటు నమిలింది.
అది నేను లెక్క తప్పి తీసిన ఫోటో.
అన్నిట్లోకీ నాకు నచ్చింది.
దాన్నే ఆమె తీసేసింది.

ఆ బొమ్మలు చెంగాళమ్మ అవ్వకు చూపించాం.
ఇరవై రెండేళ్లు షెడ్డులో కూర్చుని
చాకు మొనతో రేకు విప్పిన మనిషి,
ఉల్లిపొర కన్నా పల్చగా, చినగకుండా.
కళ్లద్దాలు పైకి తోసి చూసి, చూసి,
"మెరుపు వచ్చిండాదిలే.
దగ్గు రాలేదే మే," అనింది.

వారం రోజులు పెంచలమ్మ ఎవరితోనూ మాట్లాడలేదు.

ఎనిమిదో రోజు
మూసిన గది, కిటికీ సందులోంచి సన్నటి వెలుతురు,
మంచం మీద అవ్వ.
షట్టర్ తెరిచి అరగంట మూయకూడదు.
అలవాటుగా "కదలబాక అవ్వా" అన్నాను.
పెంచలమ్మ నా నోరు మూసింది,
నిజంగానే, అరచేత్తో.
"దగ్గు అవ్వా. వచ్చినంత దగ్గు."

మంచంకోళ్లు వచ్చాయి, గోడ మీది క్యాలెండరు వచ్చింది,
తేదీలతో సహా.
అవ్వ ఉండాల్సిన చోట తెల్లటి పొగ,
పొగ అంచున రెండు చేతులు.
మా స్టూడియోలో అయితే చెత్తబుట్టకే.
అది ఆమెను ఢిల్లీకి, తర్వాత
నాకు పలకడం రాని ఊళ్లకు తీసుకుపోయింది.
ఫోటో పక్కన నా పేరు కూడా వేశారు, సన్నగా,
ఒక అక్షరం తప్పుతో.
మా బోర్డులాగే.

అవ్వ పెద్దదినం నాడు
అదే గదిలో, అదే మంచం పక్కన
పెంచలమ్మ గంటసేపు దగ్గింది.
కెమెరా తీయబోతే వద్దంది.
చుట్టాలు తిట్టుకుంటూ లేచిపోయారు.
నేను వాకిట్లో నిలబడి లెక్కపెట్టాను,
మూడు వందల దాకా.
ఆ పని గురించి ఎవరూ, ఎక్కడా రాయలేదు.

ఇప్పుడు ఏడాదికి రెండుసార్లు వస్తుంది.
బ్యాటరీల బాకీ గుర్తుచేస్తే
"షేర్వాణీ పాడుచేశానుగా, అందులో కలుపుకో"
అంటుంది, ఏ లెక్క ప్రకారమో.

నిన్న పింఛను ఫోటోకి ఒక పెద్దాయన వచ్చాడు.
గని మనిషే. దగ్గు వినగానే తెలిసింది.
మూడుసార్లు తీశాను, మూడుసార్లూ చెదిరాడు.
ఆన్‌లైన్లో ఒప్పుకోరు, ముఖం స్పష్టంగా ఉండాలి.
నాలుగోసారి దగ్గుకీ దగ్గుకీ మధ్య పట్టుకున్నాను.
ఆయన వెళ్లాక
చెదిరిన మూడూ చెరిపేయబోతే
వేలు ఆగింది.
ఏ పేరుతో దాచాలో తెలియక
'పెద్దాయన' అని కొట్టాను.
పేరు అడగనే లేదు.